జులియెట్టా మసీనా: ముందు ఏ సినిమా చూడాలి?

పాత ఇటాలియన్ సినిమాలు చూద్దామనుకున్న ప్రతివాళ్లకీ ఎక్కడో ఒకచోట ఈ ముఖం ఎదురవుతుంది. గుండ్రటి కళ్లు, విదూషకుడి రంగు, తల మీద నలిగిన టోపీ. పేరు జులియెట్టా మసీనా. ఏ సినిమాతో మొదలుపెట్టాలని అడిగితే పదిమందిలో తొమ్మిదిమంది "లా స్ట్రాడా" అంటారు. ఆ మాట విని నేనూ అక్కడే మొదలుపెట్టాను. కాలేజీ రోజుల్లో, ఒక ఫిల్మ్ క్లబ్ వాళ్ల చిన్న హాల్లో, కుర్చీ దొరక్క గోడకానుకుని చూశాను. సినిమా గొప్పదే. కానీ బయటికొచ్చాక రెండు రోజులు మనసు బరువుగా ఉండిపోయింది. ఇంక ఈవిడ సినిమాలు వద్దు బాబోయ్ అనుకుని నాలుగైదేళ్లు మళ్లీ ముట్టుకోలేదు.

తర్వాత అనుకోకుండా "నైట్స్ ఆఫ్ కబీరియా" చూశాను. అప్పుడర్థమైంది, నేను వరస తప్పానని. అందుకే ఈ వ్యాసం. ఆమె సినిమాలన్నిటికీ ర్యాంకులిచ్చే పని పెట్టుకోలేదు. మీ చేతిలో ఒక ఆదివారం, రెండు గంటల టైమ్ ఉంటే అది దేనికి ఇవ్వాలన్నదే ప్రశ్న.

ముందు ఏం చూసుకోవాలి

మామూలుగా ఇలాంటి జాబితాలు అవార్డులు లెక్కపెట్టి రాస్తారు. అవార్డులు చూస్తే మసీనా విషయంలో తేల్చుకోవడం కష్టం. లా స్ట్రాడాకి ఆస్కార్ వచ్చింది, ఆ మరుసటి ఏడాదే కబీరియాకీ వచ్చింది. అందుకని నేను వేరే నాలుగు విషయాలు చూస్తాను.

మొదటిది, ఆమె తెర మీద ఎంతసేపుంటుంది. మసీనా పేరు కనిపించే సినిమాలు కొన్నిటిలో ఆమెది పది నిమిషాల పాత్ర. నటిని తెలుసుకోవాలనుకుంటే అవి తర్వాత చూడొచ్చు.

రెండోది, సినిమా అయ్యాక మీ మూడ్ ఎలా ఉంటుంది. దీన్ని తేలిగ్గా తీసుకోవద్దు. దుఃఖంలో ముంచే సినిమాలకి ఒక రోజు ఉంటుంది, అది ప్రతి ఆదివారం కాదు.

మూడోది, దర్శకుడి గురించి ముందే ఎంత తెలిసి ఉండాలి. ఆమె భర్త ఫెడెరీకో ఫెల్లీని. అతని కొన్ని సినిమాలు మొదటిసారి చూసేవాళ్లకి ఎటు పోతున్నాయో అంతుబట్టదు.

నాలుగోది, ఇంట్లో పెద్దవాళ్లతో, పిల్లలతో కలిసి చూడగలమా లేదా. మన ఇళ్లలో ఇది పెద్ద విషయమే.

ఆమె గురించి నాలుగు మాటలు

1921 ఫిబ్రవరి 22న బొలోన్యా దగ్గర సాన్ జోర్జో ది పియానో అనే చిన్న ఊళ్లో పుట్టింది. చిన్నప్పుడే రోమ్‌లో ఉన్న బంధువు ఇంటికి వచ్చి అక్కడే పెరిగింది. నాటకాలు, రేడియో. ఫెల్లీని అప్పట్లో హాస్య పత్రికలకీ రేడియోకీ రాసే కుర్రాడు. "చీకో, పల్లీనా" అని కొత్తగా పెళ్లయిన జంట మీద అతను రాసిన రేడియో ముక్కల్లో పల్లీనా గొంతు ఈమెదే. 1943 అక్టోబర్ 30న ఇద్దరూ పెళ్లి చేసుకున్నారు. పుట్టిన ఒక్క కొడుకూ నెల తిరక్కుండానే పోయాడు. 1993 అక్టోబర్ 31న, పెళ్లయి యాభై ఏళ్లు నిండిన మర్నాడు ఫెల్లీని పోయాడు. అయిదు నెలలు తిరగకుండా 1994 మార్చి 23న ఆమె కూడా. ఫెల్లీని సొంతూరు రిమినీలో ముగ్గురిదీ ఒకే సమాధి.

ఇదంతా చెప్పడానికి కారణం ఉంది. ఆమెను "ఫెల్లీని భార్య" అని చూడటం మొదలుపెడితే ప్రతి పాత్రా అతని చేతి బొమ్మలాగే కనిపిస్తుంది. నిజానికి ఫెల్లీని దర్శకుడిగా పేరు పెట్టుకోకముందే, 1948లో అల్బెర్తో లత్తువాదా తీసిన "సెన్సా పియెతా"లో సహాయ పాత్రకి ఇటలీ సినీ విమర్శకుల అవార్డు, నాస్త్రో ద'అర్జెంతో, ఆమెకి వచ్చింది. ఫెల్లీనికి అప్పటికి స్క్రిప్టు రాసేవాడిగానే గుర్తింపు.

లా స్ట్రాడా (1954)

కథ ఒక్క ముక్కలో చెప్పొచ్చు. సముద్రం ఒడ్డున ఉండే పేద తల్లి తన కూతురు జెల్సోమీనాను పది వేల లీరాలకి (లీరా అంటే అప్పటి ఇటలీ డబ్బు) జంపనో అనే వీధి గారడీవాడికి అప్పజెబుతుంది. అంతకుముందు పెద్ద కూతురు రోజాను కూడా అతని వెంటే పంపింది, ఆమె చచ్చిపోయింది. జంపనో పని ఛాతీకి ఇనప గొలుసు బిగించి, ఊపిరి పీల్చి దాన్ని తెంచడం. మోటార్ సైకిల్‌కి తగిలించిన బండే ఇల్లు. జెల్సోమీనా డప్పు కొట్టి "జంపనో వచ్చాడు!" అని జనాన్ని పిలవాలి.

ఆ డప్పు నేర్పే సీన్ చూడండి. సరిగా చెప్పలేదని పుల్లతో కాళ్ల మీద కొడతాడు. ఆమె ముఖంలో నొప్పి వస్తుంది, వెంటనే మళ్లీ ప్రయత్నిద్దామనే ఆత్రం వస్తుంది, ఆ రెండిటి మధ్య కనురెప్పపాటు కూడా ఉండదు. మరోచోట దారి పక్కన టొమాటో గింజలు నాటుతుంది. మొక్క వచ్చేదాకా అక్కడ ఉండరని జంపనోకి తెలుసు, మనకీ తెలుసు. ఆమెకి తట్టదు.

జంపనోగా ఆంథోనీ క్విన్, తాడు మీద నడిచే "పిచ్చోడు"గా రిచర్డ్ బేస్‌హార్ట్. సంగీతం నీనో రోటా. వెనిస్ సినిమా ఉత్సవంలో సిల్వర్ లయన్ అవార్డు వచ్చింది. విదేశీ భాషా చిత్రానికి పోటీ పద్ధతిలో ఇచ్చిన మొట్టమొదటి ఆస్కార్ దీనిదే. విడుదల నాటికి మసీనాకి 33 ఏళ్లు. తెర మీద చూస్తే వయసు చెప్పలేం. పదిహేనేళ్ల పిల్లా, నలభై ఏళ్ల మనిషా అన్నట్టుంటుంది.

మరి దీంతో మొదలుపెట్టొద్దని ఎందుకంటున్నాను? జెల్సోమీనా మాటలు తక్కువ. పాత్రంతా ముఖం మీద, నడక మీద నడుస్తుంది. మొదటిసారి చూసేవాళ్లు "ఆడ చాప్లిన్" అని ముద్ర వేసి ఊరుకుంటారు. ఆ ముద్ర పడ్డాక ఆమె చేసిన మిగతా పాత్రలన్నీ జెల్సోమీనాతో పోల్చి చూడటమే అవుతుంది. ఇటలీ ప్రేక్షకులు కూడా ఆమెను చాలా ఏళ్లు అలాగే చూశారు. పైగా సినిమా ముగింపు మీ గుండెను పిండేసి, ఆ పిండటమంతా చివరికి జంపనో ఖాతాలో వేస్తుంది. ఆఖరి షాట్‌లో ఇసుక మీద పడి ఏడ్చేది అతను.

నైట్స్ ఆఫ్ కబీరియా (1957)

నా ఓటు దీనికే, దాచడమెందుకు.

కబీరియా రోమ్ శివార్లలో, ఖాళీ నేల మధ్య అగ్గిపెట్టెలాంటి సొంతిల్లున్న వేశ్య. సొంతిల్లు అన్న మాట ముఖ్యం. ఆ ఇంటి గురించి, గ్యాస్ పొయ్యి గురించి, బ్యాంకులో డబ్బు గురించి ఆమె గొప్పలు పోతుంది. పొట్టిగా ఉంటుంది, నోరు పెద్దది, అందరితో గొడవకి సిద్ధం. జెల్సోమీనాతో పోలిస్తే పూర్తిగా ఎదురు కొస. సినిమా మొదట్లోనే ప్రియుడు నలభై వేల లీరాలున్న హ్యాండ్‌బ్యాగ్ లాక్కుని ఆమెను నదిలోకి తోసేస్తాడు. పిల్లలు దూకి బయటికి లాగుతారు. స్పృహ రాగానే కాపాడినవాళ్లకి థాంక్స్ చెప్పకుండా వాళ్ల మీదే కేకలు వేస్తుంది. అక్కడే ఈ మనిషి నాకు నచ్చేసింది.

ఒక్క సీన్ దగ్గర కాసేపు ఆగాలి. ఊరి చివర చవకబారు థియేటర్లో ఇంద్రజాలికుడు హిప్నాటిజం చేస్తుంటాడు. కబీరియాను స్టేజి మీదకి పిలుస్తాడు. ఆమె రానంటుంది, హాలంతా గోల, చివరికి ఎక్కుతుంది. నిద్రపుచ్చాక అతను "ఇదిగో ఆస్కార్ అనే యువకుడు, నిన్ను ప్రేమిస్తున్నాడు" అంటాడు. అంతవరకు భుజాలు బిగబట్టి నడిచిన మనిషి ఒక్కసారిగా వదులవుతుంది. లేని పూలు కోస్తుంది. తనకి పద్దెనిమిదేళ్లప్పుడు పొడుగాటి నల్లటి జుట్టుండేదని లేని మనిషికి చెబుతుంది. నిజంగా ప్రేమిస్తున్నావా, మోసం చెయ్యవు కదా అని అడుగుతుంది. గొంతు మారిపోతుంది, మెడ వంపు మారిపోతుంది. ఎక్కడా ఏడుపు లేదు. అప్పుడు గారడీవాడు చిటికేసి లేపుతాడు, హాలు పగలబడి నవ్వుతుంది, ఆమెకి ఏం జరిగిందో తెలియదు. తెలియకపోయినా ఏదో జరిగిందని ముఖం పసిగడుతుంది. ఆ రెండు మూడు సెకన్లు నేను ఎన్నిసార్లు వెనక్కి తిప్పి చూశానో లెక్కలేదు.

బయట నిజంగానే ఆస్కార్ అనే పేరున్న మనిషి నిలబడి ఉంటాడు. అక్కడి నుంచి కథ చెప్పను. మీకు టెన్షన్ మొదలయ్యేది అక్కడే.

ముగింపు గురించి మాత్రం ఒక మాట. చివర్లో కబీరియా అడవి దారిలో నడుస్తుంటే గిటార్, అకార్డియన్ వాయించుకుంటూ కుర్రాళ్లు, అమ్మాయిలు చుట్టూ చేరతారు. ఒకమ్మాయి "బోనసేరా" అంటుంది, అంటే శుభ సాయంత్రం. కాటుక కరిగి కంటి కింద ఒక నల్లటి చుక్క. ఆమె పెదవులు కదులుతాయి, తర్వాత తల తిప్పుతూ ఒక్క క్షణం కెమెరాకేసి, అంటే మనకేసి చూస్తుంది. మా అమ్మకి ఈ సినిమా చూపించినప్పుడు సబ్‌టైటిల్స్ చదవలేక సగం కథ నన్నడిగి తెలుసుకుంది. ఈ ఆఖరి సీన్‌కి మాత్రం ఏమీ అడగలేదు. "ఇంత జరిగాక నవ్విందంటే గట్టి మనిషే" అని లేచి వంటింట్లోకి వెళ్లిపోయింది.

ఈ పాత్రకి మసీనాకి 1957లో ఫ్రాన్స్‌లోని కాన్ సినిమా ఉత్సవంలో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. మనవాళ్లు మాయాబజార్‌లో సావిత్రి శశిరేఖ ఒంట్లోంచి ఘటోత్కచుణ్ణి బయటికి తీస్తుంటే ముక్కున వేలేసుకున్న ఏడాది కూడా అదే. ఇద్దరిదీ ముఖంతో ముఖాన్ని మార్చే విద్య.

కబీరియా పేరుతో ఆమె ఇదివరకే ఒకసారి కనిపించింది. 1952లో ఫెల్లీని తీసిన "ద వైట్ షేక్"లో, అర్ధరాత్రి వీధిలో పెళ్లాం తప్పిపోయి ఏడుస్తున్న భర్త దగ్గరకి ఇద్దరు వేశ్యలు వస్తారు. అందులో పొట్టిది ఈమె. కొద్ది నిమిషాలే. నోట్లోంచి మంటలు ఊదేవాడిని చూసి చప్పట్లు కొడుతుంది. ఆ కొద్ది నిమిషాల్లోంచే ఈ సినిమా మొలిచింది.

నాలుగూ పక్కపక్కన పెడితే

| సినిమా | ఏడాది | సుమారు నిడివి | మసీనా వాటా | చూశాక మూడ్ | ఇంట్లో అందరితో? |
|---|---|---|---|---|---|
| లా స్ట్రాడా | 1954 | 1 గం. 48 ని. | చాలావరకు | బాగా బరువు | పెద్ద పిల్లలతో చూడొచ్చు |
| నైట్స్ ఆఫ్ కబీరియా | 1957 | 1 గం. 57 ని. | దాదాపు ప్రతి సీన్ | ఏడిపించి లేపి నిలబెడుతుంది | వేశ్య కథ, కానీ అసభ్యత లేదు |
| జూలియట్ ఆఫ్ ది స్పిరిట్స్ | 1965 | 2 గం. 17 ని. | ప్రతి సీన్, కానీ చుట్టూ హడావుడి | అయోమయం, రంగుల మత్తు | పిల్లలతో వద్దు |
| జింజర్ అండ్ ఫ్రెడ్ | 1986 | 2 గం. 5 ని. | సగానికి పైగా | తీపి, కాస్త చేదు | పెద్దవాళ్లతో హాయిగా |

జూలియట్ ఆఫ్ ది స్పిరిట్స్ (1965)

ఫెల్లీని పూర్తి నిడివిలో రంగుల్లో తీసిన మొదటి సినిమా. భర్తకి వేరే సంబంధం ఉందని అనుమానం వచ్చిన మధ్యవయసు ఇల్లాలు, ఆమె కలలు, చిన్ననాటి భయాలు, పక్కింటి విలాసాల మేడ. దుస్తులకి, కళా దర్శకత్వానికి ఆస్కార్ నామినేషన్లు వచ్చాయి. కళ్లకి పండగే.

కానీ ఇక్కడ ఒక చిక్కుంది. మసీనా బలం చిన్న కదలికల్లో ఉంటుంది. ఈ సినిమాలో ఆమె చుట్టూ ఇన్ని టోపీలు, ఇన్ని ఈకలు, ఇన్ని రంగుల ముసుగులు తిరుగుతుంటే ఆ చిన్న కదలిక మనకి ఆనదు. ఆమె నిశ్శబ్దంగా నిలబడి చూస్తుంటుంది, సినిమా ఆమెను దాటి పరుగెత్తుతుంది. ఫెల్లీని కోసం చూసేవాళ్లు ఇది ముందే చూడండి. మసీనా కోసమైతే మూడోదో నాలుగోదో.

జింజర్ అండ్ ఫ్రెడ్ (1986)

ఇది చాలామంది పక్కన పెట్టే సినిమా. నాకు అన్యాయం అనిపిస్తుంది.

ఒకప్పుడు అమెరికన్ జంట ఫ్రెడ్ అస్టేర్, జింజర్ రోజర్స్‌ల డాన్సులు అనుకరించి బతికిన ఇద్దరు ఇటాలియన్ కళాకారులు, అమేలియా, పిప్పో, ముప్పై ఏళ్లకి ఒక టీవీ షో కోసం మళ్లీ కలుస్తారు. పిప్పోగా మార్చెల్లో మస్త్రోయాన్ని. చిత్రీకరణ నాటికి మసీనాకి 64 ఏళ్లు. ప్రైవేటు చానెళ్లు వెల్లువెత్తిన ఇటలీ అది. స్టూడియో నిండా ప్రముఖుల పోలికలున్నవాళ్లు, అద్భుతాలు చేస్తామనేవాళ్లు, గోడలనిండా మాంసం ప్రకటనలు. ఇవాళ మన చానెళ్లలో రియాలిటీ షోలు చూసి విసిగిపోయిన అత్తయ్యలకీ బాబాయిలకీ ఇది ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేదు.

డాన్స్ మొదలైన కాసేపటికే స్టూడియోలో కరెంటు పోతుంది. చీకట్లో ఇద్దరూ స్టేజి మీద చతికిలబడి కూర్చుంటారు. ఆ కొన్ని నిమిషాలే సినిమాకి ప్రాణం. కరెంటు కోతల మీద పెరిగిన మనకి ఆ చీకటిలో వచ్చే గుసగుసల చనువు ఇంకొంచెం ఎక్కువే తెలుసు.

ఒక పిట్టకథ. అసలు జింజర్ రోజర్స్ తన పేరు వాడుకున్నారని అమెరికాలో కేసు వేసింది. ఓడిపోయింది. 1989లో వచ్చిన ఆ తీర్పు కళాకృతుల పేర్లలో ట్రేడ్‌మార్కు వాడకం మీద అక్కడ చాలా ఏళ్లు కొలబద్దగా నిలిచింది. ఇద్దరు ముసలి డాన్సర్ల సినిమా లా కాలేజీ పాఠం అవుతుందని ఎవరనుకున్నారు.

ఫెల్లీని లేకుండా

భర్త నీడ లేకుండా ఆమెను చూడాలనుకునేవాళ్లకి నేను ఒక్కటే గట్టిగా చెబుతాను: 1959లో రెనాతో కాస్తెల్లాని తీసిన "నెల్లా చిత్తా లిన్ఫెర్నో". రోమ్ ఆడవాళ్ల జైలు కథ. ఎదురుగా ఉన్నది అన్నా మన్యాని. ఇటాలియన్ తెరని ఒంటిచేత్తో కుదిపేసే మనిషి ఆమె. మసీనా ఇందులో ప్రియుడి మోసంలో ఇరుక్కుని జైలుకొచ్చిన అమాయకపు పనిమనిషి లీనా. మన్యాని చేసిన ఎగ్లే ఆమెకి లోకం పోకడ నేర్పుతుంది. మొదటి సగంలో మన్యాని దగ్గర మసీనా తేలిపోయినట్టే ఉంటుంది. తర్వాత లీనా విడుదలై, మళ్లీ జైలుకొస్తుంది, పూర్తిగా వేరే మనిషిగా, నేర్పిందానికి థాంక్స్ చెబుతూ. అప్పుడు తూకం తిరగబడుతుంది. దొరకడం మాత్రం కాస్త కష్టం.

రాబెర్తో రొసెల్లీని "యూరోపా 51" (1952)లో ఇంగ్రిడ్ బెర్గ్‌మన్ పక్కన, మురికివాడలో పిల్లల మందతో బతికే తల్లిగా చిన్న పాత్ర. పిల్లలతో, మాటలతో ఆ ఇల్లు కళకళలాడుతుంది. అది చూడటానికైనా చూడొచ్చు. 1958 నాటి "ఫోర్తునెల్లా" సినిమాగా అంతంతమాత్రం. దాని సంగీతం వల్ల మాత్రం తర్వాత పెద్ద గొడవైంది. నీనో రోటా అందులోని ఒక బాణీని "గాడ్‌ఫాదర్"లో మళ్లీ వాడాడని తెలిసి, గాడ్‌ఫాదర్ సంగీతానికిచ్చిన ఆస్కార్ నామినేషన్ వెనక్కి తీసుకున్నారు.

1955 నాటి "ఇల్ బిడోనే" ఫెల్లీనిదే. అందులో ఆమెది దొంగస్వాముల వేషాలేసే మోసగాడి భార్య పాత్ర, చిన్నది. సినిమా బాగుంటుంది, కానీ అది అమెరికన్ నటుడు బ్రాడరిక్ క్రాఫర్డ్ సినిమా.

టీవీలో ఆమె

ఇక్కడ ఆగి చెప్పాల్సింది ఒకటుంది. బయటి దేశాలకి మసీనా అంటే రెండు మూడు సినిమాలు. ఇటలీలో 1970లలో ఇంట్లో కూర్చున్న ప్రేక్షకులకి మాత్రం ఆమె టీవీ నటి కూడా. ప్రభుత్వ చానెల్ రాయ్‌లో అప్పట్లో నవలల్ని, చరిత్రకథల్ని నాలుగైదు వారాలపాటు భాగాలుగా వేసేవాళ్లు, ఊరంతా ఆ రాత్రి ఇంట్లోనే ఉండేది. మనకి దూరదర్శన్ ఆదివారాల లాగన్నమాట.

1973లో "ఎలియొనోరా". 19వ శతాబ్దపు మిలాన్‌లో, బీద కళాకారుల మధ్య జీవితం. రాసింది తుల్లియో పినెల్లి, లా స్ట్రాడా, కబీరియా రాసినవాళ్లలో ఒకడు. 1976లో "కమీలా". యుద్ధం ముగిసిన కొత్తల్లో, గడ్డకట్టే చలికాలంలో, మిలాన్‌లోని ఒక మేడ పైగదిలో పిల్లల్ని సాకే తల్లి. ఫౌస్తా చాలెంతే నవల ఆధారంగా సాంద్రో బోల్కి తీశాడు.

వీటిలో మసీనా కళ్లు పెద్దవి చేయదు. విదూషకత్వం లేదు. బొగ్గు, బట్టలు, పిల్లల తగువులు, ఇంటి ఖర్చు. సినిమాలో రెండు గంటల్లో చెప్పాల్సింది ఇక్కడ వారాలపాటు పరుచుకుంటుంది కాబట్టి నటన కూడా నింపాదిగా ఉంటుంది. లా స్ట్రాడా చూసి ఈవిడ ఒకే రకం అనుకున్నవాళ్లు కమీలాలో ఒక భాగం చూసినా చాలు. చిక్కల్లా సబ్‌టైటిల్స్ దొరకకపోవడం. ఇటాలియన్ రానివాళ్లు అక్కడక్కడా ముక్కలు చూడ్డమే తప్ప కథ మొత్తం పట్టుకోలేరు.

టీవీకి ముందు రేడియోలో 1960ల చివర శ్రోతల ఉత్తరాలకి జవాబులిచ్చే కార్యక్రమం నడిపింది. తర్వాత "లా స్తాంపా" పత్రికలోనూ ఆ శీర్షిక కొనసాగించింది. కబీరియాగా చూసినవాళ్లు తమ కష్టాలు ఆమెకి రాసుకున్నారంటే నాకేం ఆశ్చర్యం లేదు.

మీరెవరైతే ఏది

మొదటిసారి, ఒక్కటే చూస్తాను అనేవాళ్లకి కబీరియా. ఇందులో ఆమె నవ్విస్తుంది, పోట్లాడుతుంది, డాన్స్ చేస్తుంది, మోసపోతుంది. చేతనైనవన్నీ ఒకేచోట దొరుకుతాయి. పోగొట్టుకునేది ఏమిటంటే, లా స్ట్రాడాలోని కల్పితకథ లాంటి నిరాడంబరత ఇందులో లేదు. సినిమా కొంచెం ముక్కలు ముక్కలుగా, ఒక రాత్రి తర్వాత ఇంకో రాత్రిగా నడుస్తుంది.

నటన నేర్చుకునే కుర్రాళ్లు, షార్ట్ ఫిల్ములు తీసేవాళ్లు లా స్ట్రాడా, కబీరియా రెండూ వెంటవెంటనే, కానీ కబీరియా ముందు చూడండి. మూడేళ్ల తేడాలో ఒకే మనిషి నడకని, మెడని, గొంతుని ఎలా మార్చుకుందో కనబడుతుంది. రెండిట్లోనూ వీధిలో నడిచే సీన్లు మాత్రం సౌండ్ ఆపేసి మళ్లీ చూడండి. జెల్సోమీనా పాదాలు లోపలికి, కబీరియావి నేలని తన్నినట్టు.

అమ్మానాన్నలతో చూద్దామనుకునేవాళ్లకి జింజర్ అండ్ ఫ్రెడ్. రంగుల్లో ఉంది, టీవీ వెక్కిరింత అందరికీ తెలుస్తుంది. నెమ్మదిగా సాగుతుంది కాబట్టి మొదటి అరగంట ఓపిక పట్టమని ముందే చెప్పి కూర్చోబెట్టండి.

మనసు బాగాలేని రోజున ఏదైనా చూడాలంటే? లా స్ట్రాడా వద్దు. కబీరియా కూడా సాయంత్రం చూడండి, పడుకునే ముందు కాదు. మంచి మూడ్‌లో ఉన్నప్పుడు, కుదురుగా, ఫోన్ పక్కన పెట్టి చూడాల్సింది లా స్ట్రాడా. రెండోసారి చూసినప్పుడు నాకు ఆ బరువు అలాగే ఉంది గానీ, జెల్సోమీనా ఎన్నిసార్లు నవ్విస్తుందో అప్పుడే గమనించాను.

ఏ ప్రింటు, ఏ భాష

కబీరియా రెండు నిడివుల్లో తిరుగుతుంది. గోనెసంచి మోసుకుంటూ రాత్రిపూట రోమ్ శివారు గుహల్లో బతికే పేదలకి తిండి పంచే మనిషి సీన్ ఒకటి కాన్ ప్రదర్శన తర్వాత కోసేశారు. 1998లో కొత్తగా విడుదల చేసినప్పుడు దాన్ని తిరిగి కలిపారు. గుహల్లో ఉన్న ఒక ముసలి వేశ్యను కబీరియా గుర్తుపడుతుంది. తన రేపు ఎలా ఉండొచ్చో చూసుకున్నట్టు. అది లేకపోతే తర్వాత పెళ్లి కోసం ఆమె పడే ఆత్రం సగమే అర్థమవుతుంది. కాబట్టి నిడివి 1 గంట 57 నిమిషాల దగ్గర ఉందో లేదో చూసి మొదలుపెట్టండి. 1 గంట 50 అని ఉంటే వేరేది వెతకండి.

లా స్ట్రాడాకి ఇంగ్లిష్ డబ్బింగ్ కూడా ఉంది. అప్పట్లో ఇటలీలో సినిమాకి సౌండ్ తర్వాతే వేసేవాళ్లు, సెట్‌లో ఎవరి భాష వాళ్లు మాట్లాడినా నడిచిపోయేది. అందుకని ఇంగ్లిష్‌లో చూస్తే ఆంథోనీ క్విన్‌ది సొంత గొంతు, ఇటాలియన్‌లో చూస్తే మసీనాది సొంత గొంతు. రెండూ ఒకేచోట దొరకవు. మనం చూస్తున్నది ఆమె కోసం కాబట్టి ఇటాలియనే పెట్టుకోండి. సబ్‌టైటిల్స్ చదవడం అలవాటు లేనివాళ్లకీ ఇబ్బంది ఉండదు. జెల్సోమీనా ఎక్కువ మాట్లాడదు, మాట్లాడినప్పుడు చాలావరకు డప్పు కొడుతూ ఒక్క వాక్యమే.